పొంపొలె వేషం కట్టిన రెండోవాడు

ఫిర్మిన్ పెలూజ్ పేరు మీరు వినలేదంటే తప్పు మీది కాదు, మా ఊరు మొంత్రెయ్‌లోనే చాలామందికి తెలీదు. పొంపొలె అంటే మాత్రం ఆ రోజుల్లో పాలు తాగే పిల్లాడిక్కూడా తెలుసు. బిగుతు కోటు, పైకి మెలేసిన మీసం, కాళ్లకంటే పెద్ద బూట్లు, వెళ్లిన చోటల్లా ఏదో ఒకటి పగలగొట్టి పోలీసుల చేత తరిమించుకునే దద్దమ్మ. ఆ దద్దమ్మ వేషాన్ని ఏళ్ల తరబడి మోసినవాడు ఫిర్మిన్. కానీ గోడల మీద అంటించిన రంగు కాగితాల్లో పొంపొలె అనే ఉండేది, పెలూజ్ అని ఏ మూలా ఉండేది కాదు. ఆ కంపెనీల పద్ధతే అంత. పేరు కంపెనీది, మీసం కంపెనీది, బూట్లు కంపెనీవి. వాటిలో దూరే మనిషి ఎవడైతే ఏం పోయిందీ అన్నట్టుండేది వాళ్ల వరస.

ఫిర్మిన్‌కి ఉన్న కోరికల్లా ఒక్కటే. తెర మీద తనను చూసి, తనకు కావలసిన మనిషి ఒక్కరంటే ఒక్కరు, "అదిగో, అది నువ్వే" అనాలి. ఇంతే. నవ్వొస్తే నవ్వండి, నేనేమీ అనుకోను. ఆ ముక్క కోసం అతను పడ్డ యాతన మాత్రం నవ్వే సంగతి కాదు.

అతని తల్లి మెనిల్‌మొంతాన్‌లో చాకిరేవు పని చేసేది. పసితనంలోనే సంతల వెంట తిరిగే గడసాని గుంపులో చేరి పల్టీలు నేర్చాడు. తర్వాత ఒక కాఫీ హోటలు వేదిక మీద మూకాభినయం చేసేవాడు. మొహానికి సున్నం పూసుకుని, నోరు విప్పకుండా, లేని నిచ్చెనలెక్కి లేని గోడలు దూకడం అతని పని. ఇంతలో ఊరంతా సినిమా డేరాలు లేచాయి. జనం అటు పరిగెత్తారు. హోటలాయన వేదిక పీకించి అక్కడ బిలియర్డ్ బల్ల వేశాడు. ఫిర్మిన్ ఏం చేస్తాడు? జనం వెళ్లిన దారినే తనూ వెళ్లాడు. తెల్లారగానే సినిమా కంపెనీ గేటు ముందు కూలీలతో పాటు నిలబడేవాడు.

ఆ గేటు లోపల ఒక పెద్ద షెడ్డు. ఎండ కోసం గోడలూ కప్పూ అన్నీ గాజుతో కట్టారు. అక్కడికి రాజు ఎవారిస్త్ మర్కాద్. మొదటి పొంపొలె ఇతనే. బండమనిషి, గొంతెత్తి నవ్వితే గాజు పలకలు గడగడలాడేవి. ఒకరోజు గేటు దగ్గర ఫిర్మిన్ ఊరికే తోచక పిల్లిమొగ్గ వేయడం చూసి, చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కెళ్లాడు.

"ముస్యూ బ్రెశార్, వీణ్ణి చూడండి. వీడు గోడ మీంచి దూకితే పిల్లులు సిగ్గుపడి చస్తాయి. పోలీసు టోపీ ఒకటి పడేయండి వీడి నెత్తిన" అన్నాడు.

బ్రెశార్ అక్కడి దర్శకుడు. మనుషుల్ని చూడకుండా, వాళ్ల ఎత్తూ లావూ చూసే రకం. ఫిర్మిన్‌ను కిందినుంచి పైదాకా చూసి, "సరే, కొలతలు బాగానే ఉన్నాయి" అన్నాడు.

అలా ఫిర్మిన్ పోలీసయ్యాడు. ప్రతి సినిమాలో పొంపొలె వెంట పడే పోలీసు. మొహం కనపడాలంటే అతను ముందుకి రావాలి, ముందుకి వస్తే బ్రెశార్ తిట్టేవాడు. అయినా సంతోషంగానే ఉండేవాడు. ఆదివారాలు ఎవారిస్త్ ఇంట్లోనే భోజనం. ఎవారిస్త్ భార్య ఒక్తావీ ఆవాలు నూరి పోసి కుందేలు కూర వండేది. ఆవిడా ఆ కంపెనీలోనే రంగుల గదిలో పని చేసేది. ఆడవాళ్లు వరసగా కూర్చుని, భూతద్దం కింద రీలు పెట్టుకుని, గోరంత బొమ్మలకి సన్నటి కుంచెతో ఒక్కొక్కదానికే రంగు వేస్తారు. అందుకే ఒక్తావీ చేతివేళ్లు ఒక వారం పచ్చగా, ఒక వారం గులాబీగా ఉండేవి. మాట కరుకు, చూపు చురుకు. "మీ ఇద్దరి మొహాలూ రోజంతా చూసి, ఆదివారం కూడా మళ్లీ మీ మొహాలేనా నాకు!" అని విసుక్కుంటూనే పెద్ద ముక్క తీసి ఫిర్మిన్ పళ్లెంలో వేసేది.

ఇక్కడ ఆ పనిలో ఉన్న ఒక మర్మం చెప్పాలి, లేకపోతే మిగతా కథ అర్థం కాదు. ఆ కాలపు గారడీ అంతా కెమెరా ఆపడంలోనే ఉండేది. మనిషి మేడ మీంచి పడాలి. నిజంగా పడితే మెడ విరుగుతుంది. అందుకని అతను అంచు దాకా వచ్చి ముందుకి వాలతాడు. దర్శకుడు "కదలకండి!" అని అరుస్తాడు. కెమెరా పిడి తిప్పేవాడు చెయ్యి ఆపేస్తాడు. ఎక్కడివాళ్లక్కడ బిగుసుకుపోతారు. పైనున్న మనిషిని వెనకనుంచి దింపి, అవే బట్టలు తొడిగిన గడ్డిబొమ్మను అతని చోట నిలబెడతారు. మళ్లీ పిడి తిరుగుతుంది, బొమ్మ కింద పడుతుంది. చూసేవాళ్లకి మనిషే పడ్డట్టుంటుంది. ఈ మధ్యలో కిందివాళ్లలో ఒక్కడు తల తిప్పినా గుట్టు రట్టే. చేసిందంతా మళ్లీ మొదటికొస్తుంది.

"కెమెరా ఆగిందంటే నువ్వు చచ్చావనుకోరా ఫిర్మిన్. ముక్కు మీద కందిరీగ వాలనీ, ప్యాంటుకి నిప్పంటుకోనీ, నువ్వు మాత్రం రాయివి" అని నేర్పింది ఎవారిస్తే. కదిలినవాణ్ణి అక్కడ చలిజ్వరంగాడు అని పిలిచేవాళ్లు. ఒకసారి ఆ పేరు పడితే మళ్లీ పని దొరకదు, దొరికినా వెక్కిరింతలకి బతకలేడు. ఫిర్మిన్ కదిలేవాడు కాదు. ఒంటికాలి మీద నిలబెట్టి మర్చిపోయినా అలాగే ఉండేవాడు. అది తన గొప్పనుకునేవాడు.

'మేడ మీద పొంపొలె' తీస్తున్నది ఆగస్టు ఎండల్లో. గాజు షెడ్డు పొయ్యి మీద పెట్టినట్టుంది. కొయ్యతో, గుడ్డతో కట్టిన మేడ ముందుభాగం, దాని పై అంచు మీద చంకలో బాతును పెట్టుకుని ఎవారిస్త్. కింద పోలీసులు. అందరికంటే ముందు, సరిగ్గా అతని కింద, పట్టుకోవడానికి రెండు చేతులూ చాచి ఫిర్మిన్. ఎవారిస్త్ ఒంటికాలి మీద ముందుకి వాలాడు.

"కదలకండి!" అని అరిచాడు బ్రెశార్.

కెమెరా ఆగింది. అందరూ బిగుసుకున్నారు. తీరా చూస్తే గడ్డిబొమ్మ చెయ్యి ఊడిపోయి ఉంది. దాన్ని కుట్టడానికి బట్టలవాడు సూది కోసం పరిగెత్తాడు. ఎవారిస్త్‌ను దింపితే వాలిన తీరు మారిపోతుందని, బొమ్మ వచ్చేదాకా అతన్నీ అలాగే ఉండమన్నాడు బ్రెశార్. సూది దొరికితే దారం లేదు. దారం దొరికితే అది నల్లదారం కాదు. వెధవ పని ఎప్పుడూ ఇలాగే తగలడుతుంది.

చేతులు చాచి పైకి చూస్తున్నాడు ఫిర్మిన్. ఎవారిస్త్ మొహం మీది తెల్లరంగు చెమటకి చారలు కట్టింది. ఆ చారల మధ్య కనిపిస్తున్న చర్మం బూడిదరంగులోకి తిరిగింది. పెదవి ఒకపక్కకి లాగింది. కళ్లు ఫిర్మిన్‌నే చూస్తున్నాయి. అవి వేషం కళ్లు కావు. 'ఒరేయ్' అంటున్నాయి అవి. అరవాలి, 'ముస్యూ, ఈ మనిషికి బాగోలేదు' అని అరవాలి. అరిస్తే నోరు కదులుతుంది. చలిజ్వరంగాడంటారు. ఇంకొక్క క్షణం చూద్దాం, బొమ్మ వచ్చేస్తుంది, ఇంకొక్క క్షణం. ఫిర్మిన్ రాయిలా నిలబడ్డాడు.

ఎవారిస్త్ మోకాలు మడత పడింది. మనిషి పక్కకి ఒరిగి పడ్డాడు, చాచిన చేతులకి అడుగు దూరంలో. అటు ఒక్క అడుగు వేస్తే చాలు. ఫిర్మిన్ వేయలేదు.

పడిన చప్పుడు విని కూడా ఎవ్వరూ కదల్లేదు. ఎందుకు కదులుతారు? పడాల్సింది గడ్డిబొమ్మ కదా! పక్కకి చూడకూడని వాళ్లు, నేర్పినట్టే ఎదురుగా చూస్తూ నిలబడ్డారు. కెమెరా మీదికి వంగి ఉన్న బ్రెశార్ తలెత్తకుండానే, "ఎవడ్రా బొమ్మను ముందే పడేసింది? మీరు కదలకండి, ఎవ్వరూ కదలకండి!" అని అరిచాడు. అంతలో బట్టలవాడు గడ్డిబొమ్మను భుజాన వేసుకుని లోపలికొచ్చాడు. నేల మీద ఉన్నదాన్ని చూసి కెవ్వుమన్నాడు. అప్పుడు కదిలారు అందరూ.

గుండె ఆగిందో, మెడ విరిగిందో, డాక్టరు ఏదో ఒకటి రాసి పోయాడు. సమాధి దగ్గర ఒక్తావీ ఏడవలేదు. ఒక్కొక్కరూ వచ్చి, "గడ్డిబొమ్మ అనుకున్నామమ్మా" అని చెప్పి, టోపీ తీసి, తలవంచుకుని వెళ్లారు. ఫిర్మిన్ చివర వచ్చాడు.

"నువ్వూ గడ్డిబొమ్మే అనుకున్నావా?" అని అడిగింది ఒక్తావీ.

"అందరం అలాగే అనుకున్నాం" అన్నాడు ఫిర్మిన్.

ఆవిడ అతని మొహంలోకి కాసేపు చూసింది. మళ్లీ ఎన్నడూ ఆ మాట అడగలేదు.

కంపెనీవాళ్ల గుండె సంగతి ఏం చెప్పను! సగం తీసిన సినిమా పారేయడానికి వాళ్లకి చెయ్యి రాలేదు. మేడ అంచు దాకా ఎవారిస్త్ ఉన్నాడు. అక్కడినుంచి గడ్డిబొమ్మ పడుతుంది. బొమ్మ పడ్డాక పొంపొలె లేచి పారిపోవాలి, సంతలో దూరాలి, గుడ్లబుట్టల మీద పడాలి. ఆ మిగతా సగానికి ఒక మనిషి కావాలి. బ్రెశార్ ఫిర్మిన్‌ను పిలిచి మళ్లీ కిందినుంచి పైదాకా చూశాడు.

"ఒడ్డూ పొడుగూ అచ్చం అతనివే నీవి. నడక తెలుసుగా? ఆ మీసం పెట్టుకో. బూట్లు పెద్దవైతే కాగితాలు కుక్కుకో."

కాదనడానికి నోరు తెరిచాడు ఫిర్మిన్. కానీ లోపల ఏదో ఒక్క గంతు వేసింది. పొంపొలె! వేషాలన్నిటికీ పెద్ద వేషం! ఇక తెర మధ్యలో ఉండేది తనే! స్నేహితుడు మట్టిలోకెళ్లి వారం తిరగలేదు, వీడి మనసు గంతేసింది. ఆ గంతును అతను బతికినంతకాలం క్షమించుకోలేకపోయాడు. అయినా మీసం పెట్టుకున్నాడు.

సినిమా వచ్చింది. సగం చచ్చినవాడు, సగం బతికినవాడు, ఒకే పొంపొలె. ఒక్కడంటే ఒక్కడు పసిగట్టలేదు. ఫిర్మిన్ తల్లిని వెంటబెట్టుకుని వెళ్లి చూపించాడు. పాపం ఆవిడ కళ్లు నీళ్లొచ్చేలా నవ్వింది. బయటికొచ్చాక, "పొంపొలె భలేవాడురా. అవునూ, నువ్వెక్కడున్నావు? నాకు కనపడనేలేదు" అంది.

"నేనేనమ్మా పొంపొలె. మేడ మీంచి పడి లేచాక అంతా నేనే."

"చాల్లే వేళాకోళం. నా కొడుకు నడక నాకు తెలీదా!"

నవ్వేశాడు ఫిర్మిన్. నవ్వక ఏం చేస్తాడు?

ఆ తర్వాత సినిమాల మీద సినిమాలు. పైపనివాడు పొంపొలె, పెళ్లికొడుకు పొంపొలె, పొంపొలె పంటినొప్పి. వీధిలో పిల్లలు వెంటపడి "పొంపొలె! పొంపొలె!" అని అరిచేవాళ్లు. రొట్టెలమ్మే ఆవిడ కూడా అలాగే పిలిచేది. ఫిర్మిన్ అన్న పేరు వినపడక నెలలు గడిచేవి. అది పోనీ అనుకుందాం. అసలు బాధ ఎత్తుకి ఎక్కినప్పుడు. ఏ గోడ అంచునో నిలబడి ముందుకి వాలగానే బ్రెశార్ "కదలకండి!" అనేవాడు. షెడ్డంతా నిశ్శబ్దమయ్యేది. అప్పుడు కిందికి చూస్తే, చేతులు చాచి నిలబడ్డ పోలీసు మొహం తన మొహంలా కనిపించేది. ఆ వేషం వేసినవాడెవరో తెలుసు, పొద్దున అతనితో కలిసి కాఫీ తాగాడు కూడా. అయినా అక్కడ కనిపించేది ఫిర్మినే, అలాగే చేతులు చాచి, అలాగే రాయిలా. వీడు నన్ను పట్టుకోడు, నాకు తెలుసు, అనుకునేవాడు పైనున్న ఫిర్మిన్. దిగి వచ్చాక చొక్కా పిండితే చెమట కారేది. ఎండ వల్ల అనుకునేవాళ్లు అందరూ.

ఒక్తావీ ఇంటికి వెళ్లడం మాత్రం మానలేదు. మెట్లెక్కి బొగ్గులు మోసేవాడు, నీళ్లు పట్టేవాడు, ఊరికే కూర్చునేవాడు. రెండు చలికాలాలు అలా గడిచాక ఒకరోజు, ఆవిడ ఉల్లికాడలు తరుగుతుంటే, పెళ్లి చేసుకుందామా అని అడిగాడు.

"ఒక్కదాన్నే కూర్చుని సూప్ తాగడం నాకూ విసుగ్గానే ఉంది" అంది ఒక్తావీ, కత్తి ఆపకుండా.

"నేనంటే ఇష్టమేనా అని అడుగుతున్నా."

"ఇష్టం లేనివాడి చేత ఇన్నాళ్లు బొగ్గులు మోయించుకుంటానా? అడ్డు లే, ఆ కుండ అందుకోవాలి."

అలా పెళ్లైంది. బాగానే ఉన్నారు, అబద్ధమెందుకు. ఫిర్మిన్‌కు జ్వరమొస్తే రాత్రంతా తడిగుడ్డ వేసింది. అతను తెచ్చిన ఊదారంగు శాలువా చలి లేకపోయినా కప్పుకునేది. కానీ పొంపొలె కొత్త సినిమా చూసొచ్చాక ఎలా ఉందని అడిగితే, "బాగుంది. ఎవారిస్త్ లాగే నడిచావు" అనేది. తిట్టడానికి కాదు, మెచ్చుకోవడానికే అనేది. ఆ మెప్పే ఫిర్మిన్‌కు మింగుడుపడేది కాదు.

అదీ గాక ఇంకొకటి. బర్నబే అని సంతల్లో డేరా వేసి పాత సినిమాలు ఆడించే ముసలాయన ఉండేవాడు. కొత్త రీళ్లు కొనే ఓపిక లేక ఉన్నవే గీతలు పడేదాకా తిప్పేవాడు. 'మేడ మీద పొంపొలె' అతని దగ్గర ఉంది. చుట్టుపక్కల ఎక్కడ అతని డేరా లేచినా ఒక్తావీ వెళ్లేది. ఒక్కతే వెళ్లేది, రమ్మనేది కాదు. ఒకసారి ఫిర్మిన్ తెలీకుండా వెనకే వెళ్లి, చివరి బెంచీ మీద కూర్చున్నాడు. జనం పగలబడి నవ్వుతున్నారు. ఆవిడ మాత్రం చేతులు ఒళ్లో పెట్టుకుని, కళ్లార్పకుండా తెరనే చూస్తోంది. ఎవారిస్త్ నిచ్చెనెక్కాడు, అంచు మీద నడిచాడు, ముందుకి వాలాడు. గడ్డిబొమ్మ పడింది. తెర మీది ఫిర్మిన్ లేచి పరిగెత్తడం మొదలెట్టాడు. అంతే, ఒక్తావీ లేచి, శాలువా సర్దుకుని బయటికి వెళ్లిపోయింది.

ఆ పూట ఇంట్లో పెద్ద గొడవ.

"చచ్చినవాణ్ణి చూడ్డానికి పరిగెత్తుకు వెళ్తావు. బతికున్న మొగుడు తెర మీదికి రాగానే లేచొచ్చేస్తావు. ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి నన్ను చూస్తే నీ సొమ్మేం పోతుంది?"

"నా వెనక దొంగలా వచ్చావా?"

"వచ్చాను. వచ్చి చూశాను. నీకు మొగుడు వాడే, నేను వాడి బూట్లు తొడుక్కున్నవాణ్ణి!"

"నోరు మూసుకుని సూప్ తాగు, చల్లారిపోతోంది" అంది ఒక్తావీ. ఆవిడ గొంతులో కోపం లేదు. అదే ఫిర్మిన్‌ను ఎక్కువ భయపెట్టింది.

తర్వాత పొంపొలె రోజులు వెళ్లిపోయాయి. జనానికి పరుగులూ పల్టీలూ మొహం మొత్తాయి, పట్టుబట్టల్లో ఏడ్చే దొరసానుల కథలు కావాలన్నారు. కంపెనీ ఒకరోజు పొద్దున బూట్లూ మీసమూ వెనక్కి తీసుకుని, వెళ్లిరమ్మంది. మీసం ఇచ్చేటప్పుడు ఫిర్మిన్ చెయ్యి పైపెదవి మీదే ఉండిపోయిందట, ఏదో ఊడిపోతున్నట్టు. ఆ మరుసటేడు యుద్ధం. ఫిర్మిన్‌ను క్షతగాత్రుల్ని మోసే పనిలో వేశారు. రెండు సేనల మధ్య ఉన్న బీడులో మోసుకెళ్తుండగా శత్రువులు చీకట్లో వెలుగు గుండు పైకి వదిలితే, ఉన్నవాళ్లు ఉన్నట్టే నిలబడిపోవాలి. కదిలితే తుపాకులు పేలతాయి. "కదలకండి!" అని గుసగుసలాడేవాడు సార్జెంటు. అందరికీ వణుకు. ఫిర్మిన్ ఒక్కడే నిటారుగా, ఊపిరి కూడా తెలీకుండా నిలబడేవాడు. ఒకసారి కందకంలోకి తిరిగొచ్చాక సార్జెంటు భుజం తట్టి, "నీ అంత మొనగాణ్ణి చూళ్లేదయ్యా, ఎక్కడ నేర్చావు ఇది?" అని మెచ్చుకున్నాడు. ఫిర్మిన్ గట్టు పక్కకి వెళ్లి వాంతి చేసుకున్నాడు.

ప్రాణాలతో తిరిగొచ్చాడు. వేషాలు లేవు. వాన్‌సెన్ దగ్గర పాత రీళ్లు కడిగే కార్ఖానాలో పని దొరికింది. ఆడి ఆడి అరిగిన సినిమాలన్నీ బళ్ల మీద అక్కడికి వస్తాయి. వాటిని వేడి చాకలిసోడా నీళ్ల తొట్లలో వేసి కర్రలతో కలియబెడితే బొమ్మలు కరిగిపోయి, రీలు గాజులా తేటగా మిగులుతుంది. దాన్ని దువ్వెనలు చేసేవాళ్లు కొనుక్కుపోతారు. పొంపొలె సినిమాలు అలాగే ఒక్కొక్కటీ తొట్లోకి వచ్చాయి. ఫిర్మిన్ వాటిని కర్రతో తనే ముంచాడు. తోటివాళ్లకి పాత సంగతి తెలుసు, ఊరుకుంటారా!

"ఏం పెలూజ్, మీ ఆవిడకి నీ మొహంతో చేసిన దువ్వెన ఒకటి కొనకపోయావా?"

"నా మొహం ఎక్కడుందిరా అందులో?" అనేవాడు ఫిర్మిన్. అది వాళ్లకి జోకులా వినిపించేది.

ఒక శనివారం మధ్యాహ్నం వచ్చిన బండిలో బర్నబే డేరా సామాను ఉంది. ముసలాయన పోయాడట, కూతురు అంతా తూకానికి అమ్మేసింది. డబ్బాల మీద డబ్బాలు. ఒకదాని మూత తీసి, కొస పట్టుకుని వెలుతురుకి ఎత్తాడు ఫిర్మిన్. మేడ. నిచ్చెన. బాతు. వేరే కాపీలన్నీ ఎప్పుడో కరిగిపోయాయి, ఇదొక్కటే మిగిలి ఉంటుందని అతనికి తెలుసు.

ముందు అతనికి తోచింది ఇదీ: గడ్డిబొమ్మ దగ్గర కత్తిరించి, ఎవారిస్త్ ఉన్న సగాన్ని తొట్లో పడేసి, తన సగాన్ని ఇంటికి పట్టుకుపోవాలి. అప్పుడిక ఒక్తావీ చూస్తే తననే చూడాలి, వేరే దారి లేదు. కత్తెర కూడా తీశాడు. కానీ తన సగాన్ని అంగుళం అంగుళం వెలుతురులో చూస్తుంటే కత్తెర ఆగిపోయింది. ఆ మీసం, ఆ బూట్లు, ఆ పడుతూ లేస్తూ పోయే నడక. అతను వెతికే మొహం ఎంతకీ కనిపించదు. తనకే తను కనిపించకపోతే ఇంకొకరికేం కనిపిస్తాడు? కత్తెర జేబులో వేసుకుని, రీలంతా చొక్కా కింద నడుముకి చుట్టుకుని, పని విడిచి ఇంటికి నడిచాడు.

ఒక్తావీ కిటికీ దగ్గర బంగాళాదుంపలు చెక్కు తీస్తోంది. మొగుడు చొక్కా ఎత్తి నడుమునుంచి చుట్టలు విప్పుతుంటే చూసి, "ఏం వేషమిది, మళ్లీ సర్కస్‌లో చేరావా?" అంది. ఆ వెంటనే అదేమిటో పోల్చుకుని, కత్తి కింద పెట్టింది.

"బర్నబే పోయాడు. ఇదొక్కటే మిగిలింది. ఇవాళ నేను తీసుకురాకపోతే సోమవారం తొట్లో కరిగేది" అన్నాడు ఫిర్మిన్. అతనికి ఆయాసంగా ఉంది. "నీకిస్తాను. కొయ్యను, కాల్చను, వాణ్ణేమీ అనను. కానీ ఒక్క పని చెయ్యి. ఇందులో నేనెక్కడున్నానో చూపించు. నీ కళ్లకంటే పదునైన కళ్లు ఆ కంపెనీలోనే లేవు. ఒక్క బొమ్మ చూపించు. ఇది నువ్వు అను. ఇంక చచ్చేదాకా నిన్నేమీ అడగను."

ఒక్తావీ చేతులు తుడుచుకుని, రంగుల గదినాటి భూతద్దం సొరుగులోంచి తీసింది. చివరినుంచి వెనక్కి చూడమని, తన సగం ఉన్న చివరి కొసను ఫిర్మిన్ ఆవిడ చేతికిచ్చాడు. గుడ్లబుట్టలు, సంత, పరుగు. ఆవిడ వేళ్లు ఎక్కడా ఆగలేదు. రీలు ఆవిడ చేతుల్లోంచి జారిపోతూనే ఉంది. "మెల్లగా చూడు, మెల్లగా" అన్నాడు ఫిర్మిన్. పరుగు అయిపోయింది. ఆ ముందరి గడ్డిబొమ్మ కూడా దాటిపోయింది. అక్కడ ఒక్తావీ ఆగింది. భూతద్దం కంటికి దగ్గరగా పెట్టుకుని, బొటనవేలి గోటితో ఒక బొమ్మను నొక్కి పట్టుకుంది.

"ఇదిగో. ఇది నువ్వు" అంది.

ఎన్నేళ్లు ఎదురుచూశాడో ఆ మాట కోసం. గబగబా వంగి చూశాడు. పైన మేడ అంచు మీద ఎవారిస్త్ ముందుకి వాలి ఉన్నాడు. కింద ఒక పోలీసు. టోపీ వెనక్కి జరిగి మొహమంతా కనిపిస్తోంది, రంగు లేదు, మీసం లేదు. ఫిర్మిన్ మొహమే, ఏ అనుమానమూ లేదు. రెండు చేతులూ చాచి పైకి చూస్తున్నాడు.



"గడ్డిబొమ్మ కాదని నాకు తెలుసు, ఒక్తావీ" అన్నాడు ఫిర్మిన్. "వాడి మొహం చూస్తూనే ఉన్నాను."

"తెలుసు. సమాధి దగ్గరే తెలుసు నాకు. నీకు అబద్ధం ఆడ్డం ఎప్పుడు చేతనైంది గనక!"

"మరి ఎందుకు చేసుకున్నావు నన్ను? ఎందుకు వెళ్లేదానివి ఆ డేరాకి? వాడి కోసం కాదా?"

"ఎవారిస్త్‌ని చూడాలంటే నాకు డేరా ఎందుకు? కళ్లు మూసుకుంటే చాలు" అంది ఒక్తావీ. గోరు ఇంకా ఆ బొమ్మ మీదే ఉంది. "నీ కోసమే వెళ్లేదాన్ని, పిచ్చివాడా. మంచివాడివే, నా కళ్లతో నేను చూస్తున్నాను, రోజూ చూస్తున్నాను. అందుకే ప్రతిసారీ వెళ్లి కూర్చునేదాన్ని. ఈసారైనా కదులుతావేమోనని."

ఆవిడ చేతిలోంచి రీలు జారి నేల మీద కుప్పగా పడింది. కిటికీలో వెలుతురు తగ్గేదాకా ఇద్దరూ అలాగే నిలబడి ఉన్నారు.